తాత చనిపోయాక రాసిన పుస్తకం

నల్లగొండలో నేనుంటున్న కిరాయి ఇంటికి మొన్న గురువారం రజిత వచ్చింది. ఆమె సంగీత కళాశాలలో లక్షణం చెబుతుంది. లక్షణమంటే పాడడం కాదు, పాట ఎందుకు అలా నడుస్తుందో, రాగాన్ని ఏ స్వరం పట్టి నిలబెడుతుందో విప్పి చూపే శాస్త్రం. తెలంగాణ వచ్చాక మన ప్రాంతం వాళ్ల పాత రాతలు వెతికి అచ్చు వేయాలని వాళ్ల కళాశాలలో ఒక కమిటీ వేశారు. మా ఇంటి నుంచి నాకు మిగిలిన ఒకే ఒక వస్తువు మా తాత రాసిన రాగలక్షణ గ్రంథం. నకలు తీసుకోవడానికి ఆరు నెలల కిందట దాన్ని ఆమెకు ఇచ్చాను. నేను ఎర్రగుడ్డలో ఎలా కట్టి ఇచ్చానో అలాగే కట్టి తిరిగి తెచ్చింది. ఆ ఒక్క పనితో ఆమె మీద నాకు గౌరవం కలిగింది.

చాయ్ తాగి, గ్లాసు కింద పెట్టి, కాసేపు ఆ మూట వైపు చూస్తూ కూర్చుంది.

"అమ్మా, ఒక్క మాట అడుగుత. కోపం చెయ్యొద్దు. మీ తాత వీణ వాయించెటోళ్లేనా?"

"వాయించెటోళ్లేనా ఏంది? సంస్థానంల పిలిచి పీట ఏసి కూసోబెట్టి విన్నరు ఆయన వీణ."

"గదే నాకు సమజైతలేదు. వీణ పట్టిన చేతులు రాగం గురించి రాస్తే ఎక్కడో ఒక కాడ మెట్లు వస్తయి, వేళ్లు వస్తయి, తీగె లాగుడు వస్తది. గింత పెద్ద పుస్తకంల ఒక్క కాడ లేదు. అంతా చెవే. ఒక పేజీల ఏం రాసి ఉందో ఎరుకేనా? తంబుర శ్రుతి గోడలకెల్లి ముందు వస్తది, వీణ ఎనక వస్తది అని. ఇది రాసినోళ్లు వీణను చూడలేదమ్మా. గోడ అవుతల కూసోని విన్నరు."

ఆమె గొంతు తగ్గించింది. "రెండో సగం తాత పోయినంక రాసిందని మీరే చెప్పిన్రు. నేను నవ్వలేదు, పెద్దోళ్లు చెప్పిన్రు గద అని ఊకున్న. కానీ చదివితే రెండు సగాలు ఒక్క చెవే. సోమవారం అచ్చుకు పోతాంది. మీ తాత పేరు, ఫోటో తయారుగున్నయి. మీరు ఊ అంటే చాలు."

సోమవారం రమ్మన్నాను. ఆమె అడిగినదానికి జవాబు నాకు పదేళ్ల వయసు నుంచి తెలుసు. ఆ జవాబు చెబితే మా వంశానికి మిగిలిన ఒక్క పేరూ పోతుంది. చెప్పకపోతే ఏమవుతుందో ఇన్నేళ్లుగా చూస్తూనే ఉన్నాను.

మా ఇల్లు ఆత్మకూరుకు అవతల, కృష్ణ వైపు ఉండేది. అందులో అన్నిటికంటే చల్లనిది పుస్తకాల అర్ర. తలుపు తీస్తే ముందు వసకొమ్ము ఘాటు, తర్వాత ఎండిన వేపాకు, అన్నిటి వెనక పాత కాగితం తీపి వాసన వచ్చేవి. గోడకు మేళకర్త రాగాల పట్టిక అంటించి ఉండేది. అరల్లో అచ్చు పుస్తకాలు, స్వరాల లెక్కలవి, తాళాల అంగాలవి, గమకాల భేదాలవి, నిటారుగా నిలబడి ఉండేవి. వాటిని చూస్తే బొమ్మల్లేని పుస్తకాలు ఇన్ని ఎందుకా అని నాకు అనిపించేది. పొద్దున స్నానం కాగానే తాత ఆ అర్రలో చాప మీద కూర్చుని వీణ వాయించేవాడు. తర్వాత దూరం నుంచి వచ్చిన శిష్యులకు, తాను వాయించినదాన్నే ముక్కలు చేసి, ఈ ముక్క లేకపోతే ఈ రాగం పక్క రాగంలో ఎలా పడిపోతుందో చెప్పేవాడు. తొడ మీద తాళం వేస్తే ఆ చప్పుడు వాకిలి దాకా వినబడేది. ఆ అర్రలోకి ఆడవాళ్లు అడుగుపెట్టకూడదు. ఊడవడానికి మాత్రం ఈడేరని ఆడపిల్ల వెళ్లవచ్చు. అమ్మ నన్ను కని పోయింది కాబట్టి ఇంట్లో ఆ వయసు పిల్లను నేనొక్కదాన్నే.

అర్ర వెనక గోడకు నడుము ఎత్తున్న, మనిషి వంగి దూరగల చిన్న తలుపు ఉండేది. దాని అవతల పెద్దత్త గది. పెద్దత్త మా నాన్నకు, అంటే బాపుకు, అక్క. పెళ్లయిన ఏడాదికే భర్త పోతే తెల్లచీరతో తిరిగి వచ్చింది. తాతకు మంచినీళ్లు, దీపం, ఆకువక్క ఆ చిన్న తలుపులోంచే అందించేది. చేయి మాత్రమే వచ్చి వెళ్లేది. తలుపు గడియ ఆమె వైపే ఉండేది. నాకు తల దువ్వేది, అన్నం పెట్టేది ఆమే. నడిచేటప్పుడు ఒక చేతిని గోడకు రాసుకుంటూ నడిచేది. రెండో చేతి బొటనవేలు ఎప్పుడూ వేళ్ల కణుపుల మీద తిరుగుతూ ఉండేది. జపం చేసుకుంటోందని అందరం అనుకునేవాళ్లం.

తాత గ్రంథం సగంలో ఉండగా పోయాడు. అప్పటికే మా భూములు కౌలుదారి చట్టంలో పోయాయి, వెట్టి పోయింది, మా గడప ముందు చెప్పులు చేత పట్టుకునే మనుషులు పోయారు. బాపుకు మిగిలింది వంగని నడుము, తాత పేరు. పెద్దవాళ్లు పోతే ఏడాది దాకా వాళ్ల వస్తువును వాళ్ల జాగాలోనే ఉంచి, వారానికి ఒకరోజు వాళ్లకు ఇష్టమైనది ముందు పెట్టి తలుపు వేయడం మా ఇంటి ఆచారం. నాయనమ్మకు ఆకువక్క పెట్టారు. తాతకు పుస్తకం ఆగిన చోట తెరిచి, సిరాబుడ్డి నింపి, కలం పెట్టారు. శుక్రవారం పొద్దున నేను లోపలికి వెళ్లి ఊడ్చి, దీపం పెట్టి రావాలి. బాపు తాళం వేసి చెవి మొలకు కట్టుకునేవాడు. మళ్లీ శుక్రవారం దాకా ఆ తలుపు తెరిచేది లేదు.

మూడో శుక్రవారం నేను లోపలికి వెళ్లేసరికి కాగితం మీద ఏడు వరుసలు కొత్తగా ఉన్నాయి. కలం మొన తడిగా ఉంది. అర్రలో గాలి, ఎవరో మాట్లాడుతూ నన్ను చూసి ఆపేసినట్టు ఉంది. చీపురు అక్కడే పడేసి అరిచాను. బాపు గడప దగ్గర నిలబడి పుస్తకం తెప్పించుకుని చూశాడు. కాంభోజి గురించి ఉంది. "ఇందులో కాకలి నిషాదం ఒక్కసారి వచ్చి పోవాలి. వచ్చినట్టు తెలియాలి, కూర్చున్నట్టు కనబడకూడదు." బాపు రెండుసార్లు చదివాడు.

"నాయిన అక్షరమే," అన్నాడు. "మా నాయిన పని సగంల ఇడిసిపెట్టెటోడు గాదు."

అక్షరం తాతదే అని ఇంట్లో అందరూ ఒప్పుకున్నారు. ఎందుకంటే ఆ గ్రంథంలో మొదటి పేజీ నుంచి ఉన్న అక్షరం అదే. తాత చేతి రాత ఇంకెక్కడా తెలుగులో లేదని ఎవరికీ తోచలేదు. ఆయన కాలపు కాగితాలన్నీ ఉర్దూలో ఉండేవి, ఆయన సంతకమూ ఉర్దూలోనే ఉండేది.

మాట ఊళ్లోకి పోయింది. పై శుక్రవారం వాకిట్లో పదిమంది, ఆ తర్వాత ఇరవై మంది నిలబడ్డారు. బాపు చాలా నెలల తర్వాత తలపాగా చుట్టి, పుస్తకం చేతిలో పట్టుకుని గడప మీద నుంచి కొత్త వరుసలు చదివి వినిపించేవాడు. నిషాదమేమిటో, ధైవతమేమిటో తెలియని మనుషులు తలలు ఊపేవారు. మా పాత పాలేరు సాయిలు ఒక్కడు వెనక నిలబడి, మాకు వినబడేటట్టే అన్నాడు. "బతికున్నప్పుడు వెట్టికి మా పేర్లు రాసిండు, సచ్చినంక సరిగమలు రాస్తాండు. చెయ్యి ఊకుంటదా!" నలుగురు నవ్వారు. బాపు విననట్టే ఉన్నాడు. నవ్వినా సరే, వాళ్లు మళ్లీ మా వాకిట్లో నిలబడ్డారు. ఆయనకు అది చాలు.

నేను బావి గట్టు మీద కూర్చుని పాడుకునేదాన్ని. ఎవరూ నేర్పలేదు, శిష్యులకు తాత చెబుతుంటే చెవిన పడ్డదే. ఒక శుక్రవారం పుస్తకంలో రాగలక్షణం కింద వేరే వరుస ఒకటి ఉంది. "పిల్ల నిన్న మోహనలో ధైవతం దగ్గర తొందరపడింది. అక్కడ నిలబడాలి." నిన్న మధ్యాహ్నం బావి దగ్గర నేను తప్ప ఎవరూ లేరు. ఆ తర్వాత ప్రతి వారం నా గురించి ఒక మాట ఉండేది. ఊపిరి ఎక్కడ తీసుకున్నానో, ఏ గమకాన్ని భయపడి దాటేశానో అందులో ఉండేది. నేను పాడడం మానేస్తే "పిల్ల ఈ వారం పాడలేదు" అని ఉండేది. భయంతోనే పాడాను, ఆ భయంతోనే బాగుపడ్డాను. ఒక ఎండాకాలం మధ్యాహ్నం, ఇల్లంతా పడుకుని ఉండగా, నడవలో నిలబడి పుస్తకాల అర్ర గోడకు చెవి ఆనించాను. పొద్దున నేను పాడిన స్వరాలనే, నేను తప్పిన చోట సరిచేస్తూ, గోడ పాడుతోంది. నోరు మూసుకుని పాడితే వచ్చే నాదం అది, ఆడో మగో చెప్పలేం. పరుగెత్తుకెళ్లి బాపును లేపాను. ఆయన నా వీపు నిమిరి, "బుగులుపడకు. దొర ఇంటి పిల్లవు. తాత చెప్తే నేర్చుకో" అన్నాడు. ఆయన కళ్లలో నీళ్లు నిండాయి. ఆయనను అంత సంతోషంగా నేను మళ్లీ చూడలేదు.

ఆ అర్ర వెనక గోడకు అవతల పక్క ఎవరి గది ఉందో ఇంట్లో అందరికీ తెలుసు. చిన్న తలుపు గడియ ఎటు పక్క ఉందో కూడా తెలుసు. చనిపోయిన మనిషి వారం వారం వచ్చి సిరా ముంచుకుంటున్నాడని నమ్మడానికి మాకు కష్టం కాలేదు. ఇరవై ఏళ్లుగా గోడ పక్కన కూర్చున్న మనిషికి శాస్త్రం వచ్చి ఉంటుందన్నది మాత్రం ఎవరి ఊహకూ రాలేదు.

నాకూ రాలేదు, ఆమె బొటనవేలు చూసేదాకా. పెద్దత్త నా కంచంలో నెయ్యి వేస్తోంది. గోరు పక్కన నల్లటి సిరా, కడిగినా పోని గీతలా ఉంది. నేను చూశానని ఆమె చూసింది. చేయి వెనక్కు తీసుకోలేదు. నెయ్యి ఎప్పటికంటే ఇంకొంచెం ఎక్కువ వేసి, వేళ్ల కణుపులు లెక్కపెట్టుకుంటూ లోపలికి వెళ్లిపోయింది.

ఆ రోజు నేను ఎవరికీ చెప్పలేదు. చెప్పకుండా ఉండిపోయి ఉంటే ఇదంతా రాయవలసిన పని ఉండేది కాదు. పై శుక్రవారం బాపు గడప మీద నిలబడి, జనం ముందు, నా గురించి ఉన్న వరుసను చూసుకోకుండా పైకి చదివేశాడు. "పిల్ల గొంతు మంచిది. చెవి గర్వంతో మూసుకుపోతోంది." జనం గొల్లున నవ్వారు. సాయిలు, "గది నిజమే రాసిండు దొర!" అన్నాడు. నా చెవులు మండిపోయాయి. ఆ మాట తాత అని ఉంటే పడేదాన్ని. ఒక మూల కూర్చుని ఒంటిపూట తినే మనిషి, నాకు తల దువ్వే మనిషి, నన్ను పదిమందిలో అంటుందా అనుకున్నాను. నాకు పదేళ్లే, కానీ ఆ ఆలోచన పదేళ్ల పిల్లది కాదు, మా ఇంటిది. జనం పోయాక బాపు దగ్గరికి వెళ్లి నిలబడ్డాను.

"బాపూ, రాసేది తాత గాదు. పెద్దత్త. ఆమె ఏలుకు సిరా ఉన్నది."

బాపు తలపాగా విప్పుతున్నాడు. విప్పడం ఆపలేదు. పూర్తిగా విప్పి, మడిచి, కొయ్యకు తగిలించి, "పో, అన్నం తిను" అన్నాడు.

మర్నాడు వడ్రంగం చేసే వడ్ల రాజయ్య మేకులు, చెక్కలు పట్టుకుని వచ్చాడు. పుస్తకాల అర్ర వైపు నుంచి చిన్న తలుపుకు అడ్డంగా మూడు చెక్కలు కొట్టాడు. మొదటి మేకు దిగాక ఆగి, "దొరా, అవుతల మనిషి ఉన్నట్టున్నది. ఊపిరి ఇనపడుతాంది" అన్నాడు. "ఎవరు లేరు. కొట్టు," అన్నాడు బాపు. ఆ దెబ్బలు పడుతున్నంతసేపు అవతల నుంచి ఏ చప్పుడూ రాలేదు. ఆ సాయంత్రం పెద్దత్త నాకు తల దువ్వింది. ఎప్పటిలాగే చిక్కు దగ్గర ఆగి, నొప్పి పుట్టకుండా విడదీసింది.

పై శుక్రవారం బాపు తాళం తీసి గడప బయటే నిలబడ్డాడు. నేను లోపలికి వెళ్లాను. చెక్కలు ఎక్కడివక్కడే ఉన్నాయి. మేకుల తలలు మెరుస్తున్నాయి. కిటికీకి లోపల గడియ వేసి ఉంది. పుస్తకంలో రెండు వరుసలు కొత్తగా ఉన్నాయి. కలం మొన తడిగా ఉంది.

"ఇక్కడితో ఆపుతున్నాను. పిల్ల మీద కోపం లేదు."

"ఏమన్న ఉన్నదా?" అన్నాడు బాపు బయటి నుంచి.

"ఏం లేదు బాపూ," అన్నాను.

ఆ రోజు బాపు జనంతో తాత గ్రంథం పూర్తయిందని చెప్పాడు. ఆ తర్వాత మా వాకిట్లో ఎవరూ నిలబడలేదు. రెండు వరుసలున్న కాగితాన్ని నేను మైదా బంకతో దాని వెనక కాగితానికి అంటించేశాను. ఆ వరుసలు అక్కడికి ఎలా వచ్చాయో నాకు ఈరోజుకీ తెలియదు. బాపే జాలిపడి తాళం తీసి ఆమెను లోపలికి పంపాడేమో అని అప్పుడప్పుడు అనుకుంటాను. బాపును ఎరిగినదాన్ని కాబట్టి ఆ ఊహ ఎక్కువసేపు నిలవదు. పెద్దత్త ఆ వానాకాలం దాటలేదు. కర్మ చేయించే అయ్యగారు పేరు అడిగితే బాపు చెప్పాడు, లక్ష్మీనరసమ్మ అని. ఆ పేరు నేను వినడం అదే మొదలు. ఆ తర్వాత మా ఇంట్లో పాట లేదు. నేను స్కూల్లో లెక్కలు చెప్పి రిటైరయ్యాను, ప్రార్థన గీతానికి కూడా నోరు కదిపేదాన్ని గానీ గొంతు కలపలేదు.

ఇప్పుడు ఆ ఇల్లు లేదు. ఆ జాగాలో పత్తి ఆరబోస్తున్నారని విన్నాను. అచ్చు పుస్తకాలను చెదలు తిన్నాయి. రజిత తన క్లాసులో ఆడపిల్లలను, మగపిల్లలను ఎదురుగా కూర్చోబెట్టుకుని, ఫోన్‌లో రాగం వినిపించి, మధ్యలో ఆపి, ఇక్కడ ఏం జరిగింది, చెప్పండి అని అడుగుతుందట. ఎవరికి తోచింది వాళ్లు పైకి చెబుతారట. తప్పు చెబితే నవ్వుకుంటారట. ఆ మాట ఆమె ఎంత మామూలుగా చెప్పిందంటే, అందులో వింతేముందో ఆమెకు చెప్పడానికి నాకు నోరు రాలేదు. మా కాలంలో మర్యాద ఎక్కువ ఉండేదని ఇన్నాళ్లూ అందరితో అంటూ వచ్చాను. ఇప్పుడా మాట అనబోతే, ఊపిరి ఇనపడుతాందన్న రాజయ్య మాట అడ్డం వస్తోంది.

సోమవారం రజిత వచ్చేసరికి, కాగితాన్ని నీళ్ల ఆవిరి పట్టి విడదీసి ఉంచాను. బంక పొరలు పొరలుగా లేచింది, సిరా మాత్రం చెదరలేదు. రెండు వరుసలూ చదివి ఆమె తల ఎత్తలేదు. నేను జరిగింది జరిగినట్టు చెప్పాను, బొటనవేలు, తలపాగా, మేకులు. నన్ను కాపాడుకునే మాట ఒక్కటీ కలపలేదు.

"అమ్మా," అంది రజిత, "నాకైతే నమ్మకమే. కానీ కమిటీల అడుగుతరు. రుజువేంది అంటరు. మీ తాత పేరైతే ఫోటో ఉన్నది, సంస్థానం కథ ఉన్నది, కళ్లు మూసుకొని అచ్చేస్తరు. ఈమెకు ఫోటో గూడ లేదు. పేరు మారిస్తే పుస్తకమే ఆగిపోతదేమో. రెండు పేర్లు పెడ్దామా? తాత చెప్పిండు, బిడ్డ రాసింది అని?"

అది మంచి దారి. మా వంశం పేరు నిలుస్తుంది, నా అబద్ధం కూడా సగమే అబద్ధమవుతుంది. ఆ దారి మూడు రోజుల కిందటే నాకు తోచింది.

"ఆయన చెప్పి రాయించలేదు. మొదటి సగం గూడ ఆమే రాసింది, మేం ఆయనదనుకున్నం," అన్నాను. "చెప్పి రాయిస్తే మెట్లు, వేళ్లు వచ్చేటియని నువ్వే అన్నవు. మా ఇంటి పుస్తకం మీద ఎవరి పేరుండాలెనో కమిటీని అడుగ. ఆగితే ఆగనియ్యి. ఇన్నేండ్లు ఆగింది."

"సరే అమ్మా." ఆమె సంచిలోంచి మొదటి పేజీ నకలు తీసి, తాత పేరును ఒక గీతతో కొట్టేసింది. ఆ గీత పడుతున్నప్పుడు నాకు బాపు గడప మీద నిలబడ్డట్టే అనిపించింది. చూపు తిప్పుకోలేదు.

"లక్ష్మీనరసమ్మ," అని రాస్తూ ఆగింది. "ఇంటిపేరు ఏది పెట్టాలె? మీదా, ఆమె అత్తగారిదా?"

అత్తగారి ఇంట్లో ఆమె ఉన్నది ఒక్క ఏడాది. మా ఇంట్లో బతుకంతా ఉంది. మా ఇంటిపేరు పెడితే ఎవరూ తప్పనరు, పుస్తకం తిరిగి మాదే అవుతుంది. ఏడు తరాల పేర్లు ఆపకుండా చెప్పగలను నేను. వాటిలో ఒక్క ఆడపేరు లేదు.

"ఇంటిపేరు పెట్టకు," అన్నాను. "ఆమె పేరు చాలు. ఒకసారి పైకి చదువు."

రజిత చదివింది. క్లాసులో చదివినట్టే, గొంతు తగ్గించకుండా, స్పష్టంగా చదివింది. నేను కుర్చీలోంచి లేచి నిలబడ్డాను. ఎందుకు లేచానని ఆమె అడగలేదు. ఒక్క క్షణం తలుపు వైపు చూసి, తనూ లేచింది.